ఊ ఏతీ చీటీ

సోమవారం పొద్దున్న నోటీసు అంటించి వెళ్ళారు. మధ్యాహ్నానికల్లా వీధిలో సగంమంది సొంత ఇళ్ళకే మేకులు పీకడం మొదలుపెట్టారు.

రంగూను పొలిమేర ఇన్సేన్‌లో రైలు షెడ్ల వెనక, పట్టాలకీ మురుక్కాలవకీ మధ్య పొడుగ్గా సాగిన నేల అది. ఈ చివర నుంచి ఆ చివరకి అరవై రెండు నంబర్లు. చాలామటుకు తెలుగువాళ్ళే. రంగూను రేవులో మూటలు మోసినవాళ్ళ మనవలూ మునిమనవలూ. భూమి సర్కారుది. ఆ సంగతి అక్కడ ఎవరికీ తెలియనిది కాదు. కానీ అరవై అయిదేళ్ళుగా కాపురం ఉంటున్న చోటు మనది కాదని రోజూ గుర్తు పెట్టుకుని ఎవరు బతుకుతారు?

నోటీసులో మూడు ముక్కలున్నాయి. శనివారం లోపల ఖాళీ చెయ్యాలి. 1959లో ఇచ్చిన ఇంటిస్థలం చీటీ ఉన్నవాళ్ళు గురువారం విచారణకి రావాలి, రుజువైతే ఒక చీటీకి ఒకటి చొప్పున ఊరవతల ఇరవై అడుగులకి నలభై అడుగుల స్థలం ఇస్తారు. రుజువు లేనివాళ్ళు చూజోలు, వాళ్ళకి ఏమీ రాదు. చూజో అంటే హద్దు మీరి వచ్చి కూర్చున్నవాడు. బర్మా భాషలో అది తిట్టు కాదు, కాగితాల మీద రాసే మాట. అందుకే తిట్టు కన్నా గట్టిగా తగులుతుంది.

జయ ఆఫీసు నుంచి ఇల్లు చేరేసరికి వాళ్ళ నాన్న సూరి కప్పు మీద ఉన్నాడు. నోట్లో మూడు మేకులు, చేతిలో సుత్తి.

"నాన్నా, దిగు."

"రేకులు పద్నాలుగు," అన్నాడు సూరి మేకుల మధ్య నుంచి. "బుల్డోజరొస్తే ఒక్కటీ మిగల్దు. కింద పట్టుకో."

"నువ్వే ఇప్పేస్తే గురువారం ఏటి చూపిస్తాం? చీటీ ఒక్కటీ చాలదు. అక్కడే ఉంటన్నామని కూడా చూపించాల. కప్పు లేని ఇంట్లో ఎవరుంటారు?"

సూరి ఆలోచించాడు. "నీ సదువు మీద నమ్మకం నేక కాదు. మేకుల మీద ఇంకొంచెం ఎక్కువ," అన్నాడు. అన్నాడే గాని దిగాడు. సైకారు రిక్షా తొక్కి కూతుర్ని చదివించిన మనిషి. ఆ వీధిలో లా డిగ్రీ తెచ్చుకున్నది జయ ఒక్కతే, అదీ దూరవిద్యలో. ఇప్పుడు మింగళ తౌంగ్‌న్యున్‌ పేటలో వాసుదేవరావు గారనే తెలుగు వకీలు దగ్గర కాగితాలు టైపు చేస్తుంది. నోటీసు చూసిన దగ్గర్నుంచి ఒక్కచోట కూర్చోలేకపోయింది. బస్సులో సీటు ఖాళీగా ఉన్నా నిలబడే వచ్చింది.

చీటీ వాళ్ళ దగ్గర ఉంది. అదే వాళ్ళ ధైర్యం. పాలడబ్బాలో, గుడ్డలో చుట్టి, కర్పూరం బిళ్ళతో సహా దాచిపెట్టింది జయ నాయనమ్మ నరసమ్మ. అరచేయంత కాగితం, ఊదారంగు ముద్ర. స్థలం నంబరు నలభై ఒకటి. పేరు ఊ ఏతీ. తండ్రి పేరు ఉండాల్సిన చోట చెద తినేసిన కన్నం.

ఊ అంటే బర్మాలో గారు అన్నట్టు. తాత పేరు బుల్లియ్య. ఊ ఏతీ ఆయన సర్కారు పేరని ఇంట్లో చెప్పుకునేవారు. ఇందులో వింతేమీ లేదు, ఆ వీధిలో ఎవరికైనా రెండేసి పేర్లుంటాయి. జయ బళ్ళో మ జాజా. సూరి రిక్షా స్టాండులో కో సో. తాత కూడా అలాగే ఎప్పుడో ఒక బర్మా పేరు పెట్టించుకుని ఉంటాడని జయ అనుకుంది. కొంచెం గొప్పగా కూడా అనుకుంది.

చిక్కల్లా బలరాం.

నలభై ఒకటో నంబరు స్థలంలో ఇళ్ళు రెండు. మధ్యన వెదురు దడి. ఇటు జయ వాళ్ళు, అటు సైకిళ్ళకి పంక్చర్లు వేసే బలరాం. రెండు తలుపుల మీదా నలభై ఒకటే. ఇన్నాళ్ళూ ఆ నంబరు కోసం ఎవరూ కొట్టుకోలేదు, కుళాయి కోసం కొట్టుకున్నారు. సాయంత్రం బలరాం దడి మీద మోచేతులు ఆనించి పిలిచాడు.

"వకీలమ్మా. ఊ ఏతీ మా తాత. రాసుకో."

"మీ తాత పేరు చిన్నబ్బాయి గదా మావా."

"ఇంటికాడ చిన్నబ్బాయి. గవర్మెంటుకి ఊ ఏతీ. మా అయ్య సచ్చేదాకా అదే సెప్పినాడు."

"మరి చీటీ మా డబ్బాలో ఎందుకున్నాది?"

"అదే నానూ అడుగుతన్నాను." బలరాం గడ్డం గోక్కున్నాడు. "ఎలకెత్తుకొచ్చి మీ ఇంట్లో పడేసుంటాది. ఎలక పాపం లా సదవనేదు."

జయకి నవ్వు రాలేదు. ఇన్నేళ్ళు పక్కన ఉండి, పండగకి బూరెలు ఇచ్చిపుచ్చుకుని, ఇప్పుడు మొహం మీదే అబద్ధమాడుతున్నాడని ఒళ్ళు మండింది. "గురువారం అక్కడే చెప్పు మావా ఈ ఎలక కథ," అని లోపలికి వచ్చేసింది.

మంగళవారం అఫిడవిట్ రాయడానికి కూర్చుంది. సూరి గుర్తింపు కార్డులో తండ్రి పేరు బుల్లియ్య అని ఉంది. చీటీలో ఊ ఏతీ అని ఉంది. ఇద్దరూ ఒకరేనని నరసమ్మ ప్రమాణం చెయ్యాలి. చీటీ ఇచ్చిన నాటి నుంచీ ఆయన్ని ఎరిగి బతికున్నది ఆవిడొక్కతే.

"మామ్మా, తాత పేరు నీ నోటితో చెప్పాల."

"నీకు తెల్దేటి?"

"నాకు తెలిస్తే ఏం లాభం. సాక్షివి నువ్వు."

"నాను అనకూడదే. మొగుడి పేరు ఎవులైనా అంటారేటి?" నరసమ్మ కొంగుతో నోరు తుడుచుకుంది, పేరు పెదాల దాకా వచ్చేసిందేమో అన్నట్టు. "ఆయనున్నప్పుడే అననేదు. పోయినాక అంటానా?"

"పోనీ, ఊ ఏతీ అను."

"ఊ ఏతీ." వెంటనే అనేసింది. "దానికేటి, వందసార్లంటాను."

మొగుడి పేరు అనని మనిషి ఆ పేరు మాత్రం అంత తేలిగ్గా ఎందుకు అనగలిగిందో జయ ఆ క్షణాన ఆలోచించి ఉంటే చాలా తిప్పలు తప్పేవి. కానీ అప్పుడామె మనసంతా గురువారం మీద, శనివారం మీద. పైగా వాన మొదలైంది, సూరి పీకిన మూడు మేకుల చోట్ల నీళ్ళు కారుతున్నాయి. గిన్నెలు పెట్టి, టైపు చేసుకుంది. బుల్లియ్య, మరో పేరు ఊ ఏతీ, ఇద్దరూ ఒకే వ్యక్తి. కింద నరసమ్మ వేలిముద్ర.

వాసుదేవరావు గారు అది చదివి, కామా ఒకటి మార్చి, సంతకం పెట్టి, ఆ సాయంత్రమే వార్డు ఆఫీసులో చీటీ చూపించి ఇచ్చి రమ్మన్నారు. "కోర్టుకెళ్తే, సర్కారు భూమిలో అరవై ఏళ్ళు కాపురమున్నవాళ్ళకి హక్కిచ్చే సెక్షను ఒకటి ఉంది అమ్మా. వాదించొచ్చు. కానీ సెక్షను కదిలేసరికి ఏళ్ళు పడుతుంది. బుల్డోజరు శనివారానికే వస్తుంది. మీ హక్కు ఈ చీటీలో ఎంతుందో అంతే అనుకో, జాగ్రత్త."

బుధవారం పొద్దున్న సాక్షుల వివరాలు ఇవ్వడానికి వార్డు ఆఫీసుకి రమ్మన్నారు. సూరి రిక్షాలో తల్లిని కూర్చోబెట్టి, మీద ప్లాస్టిక్ పట్టా కప్పి తొక్కాడు. జయ పక్కన నడిచింది. ఆఫీసులో ఒకే బల్ల, బల్ల వెనక పాతికేళ్ళ గుమాస్తా, నెత్తిమీద గడగడలాడే ఫ్యాను, గుమ్మం దాకా జనం. గుమాస్తా తల ఎత్తకుండానే బర్మాలో అడిగాడు, అవ్వా, పేరేమిటి అని.

ఎనభై ఏళ్ళు ఆ ఊళ్ళోనే బతికిన మనిషికి ఆ మాట తెలియక కాదు. వినబడలేదు. నరసమ్మ ముందుకి వంగి, చెవికి చెయ్యి అడ్డం పెట్టుకుంది.

"ఏటీ?"

గుమాస్తా రాసుకున్నాడు. తలకిందులుగా ఉన్నా జయకి ఆ అక్షరాలు స్పష్టంగా కనబడ్డాయి. డౌ ఏతీ. డౌ అంటే ఆడవాళ్ళకి పెట్టే గౌరవం.

"తండ్రి పేరు?" అన్నాడతను, ఇంకొంచెం గట్టిగా. నరసమ్మకి తండ్రి అన్న ముక్క ఒక్కటీ అందింది. అరచెయ్యి వెనక్కి తిప్పి, "మాయయ్యా? మాయయ్య నేడు బావూ, ఎప్పుడో పోనాడు," అంది.

లేడు అనడానికి ఆవిడ అన్న నేడు గుమాస్తా కలంలో ఊ నేదు అయింది. బర్మావాళ్ళ నాలుకకి ట లేదు, డ లేదు. టకారం తకారం అవుతుంది, డకారం దకారం అవుతుంది.

జయ ఆ అక్షరాలకేసి వంగి చూసింది. రోజుకి నూరుసార్లు తను అనే మాట, మొన్న నాన్నతో అన్న మాట, ఆ సాయంత్రమే బలరాంతో పోట్లాడేటప్పుడు పళ్ళ చివర దాకా వచ్చిన మాట. ఏటి. బర్మా అక్షరాల్లో, మెత్తటి తకారంతో చదివి చదివి, అది తన మాటేనని ఇన్నేళ్ళూ పోల్చుకోలేదు. తన తాతకి సర్కారు పేరు ఏమీ లేదు. 1959లో ఒక గుమాస్తా పేరడిగితే, భాష రాని కూలీ ఏటి అన్నాడు.

నరసమ్మ కార్డు చూపించి జయ ఆ పేరు దిద్దించింది. తర్వాత, వకీలు గారి ఆఫీసు నుంచి వచ్చానని చెప్పి, పాత రిజిస్టరు ఒక్కసారి చూపించమని అడిగింది. గుమాస్తా కుర్రాడు మంచివాడే. బల్ల కింద నుంచి తీసి ఇచ్చాడు. పేజీలు విసనకర్రల్లా ఎండిపోయి ఉన్నాయి. జయ వేలు పెట్టి లెక్కపెట్టింది. అరవై రెండు నంబర్లలో పదిహేడు మంది ఊ ఏతీలు. పదిహేడు మందిలో పదకొండు మందికి తండ్రి పేరు ఊ నేదు. ప్రతి ఊ ఏతీ కిందా ఎర్ర సిరాతో కొత్త గీత.

"ఈ గీతలేంటి?"

"మా పెద్దాయన గీశారు," అన్నాడు గుమాస్తా. "ఒకే మనిషి పదిహేడు స్థలాలు కాజేశాడట. ఆ కాలంలో పెద్ద కబ్జాదారు అయ్యుండాలి. ఒకరికి ఒకటే స్థలమని అప్పటి రూలు. పదహారూ కొట్టేస్తారు రేపు." గొంతు తగ్గించాడు. "మీకు భయం లేదులే. అసలు చీటీ చూపించింది ఆ పదిహేడిట్లో మీరొక్కరే. నలభై ఒకటి మీకే ఉంచుతామన్నారు. అఫిడవిట్ బాగా రాశావని కూడా అన్నారు."

బయటికి వచ్చాక జయ వానలో రిక్షా పక్కన నడిచింది. రైల్వే గేటు దగ్గర రిక్షా ఆగినప్పుడు పట్టా ఎత్తి లోపలికి తొంగి చూసింది.

"మామ్మా, చీటీ ఇచ్చినప్పుడు నువ్వు అక్కడున్నావా?"

"ఉండకేటి. కొత్తగా కాపరానికొచ్చినాను. బిందొట్టుకుని పక్కన నిలబడ్డాను."

"ఏటైంది?"

"ఏటవుతాది. గుమస్తా ఏటో అడిగినాడు. మీ తాత ఏటీ అన్నారు. ఆడు రాసేసుకున్నాడు. ఎనక చిన్నబ్బాయి. ఆడూ ఏటీ అన్నాడు. ఇప్పుడే గదరా రాసినాను అన్నట్టు సూసి, ఇద్దరికీ కలిపి ఒక్క చీటీ ఇచ్చి పొమ్మన్నాడు. మగోలిద్దరూ అక్కడే బీడీ ముట్టించుకుని, ఆయన చీటీ ఒట్టుకున్నారు, చిన్నబ్బాయి దడి కట్టినాడు."

"ఇదంతా నాకు ముందే చెప్పొద్దా?"

"నువ్వడగనేదు. నువ్వు పేరు సెప్పమన్నావు."

అంటే బలరాం అబద్ధమాడలేదు. వాళ్ళయ్య చచ్చేదాకా చెప్పింది నిజం. జయ వాళ్ళింట్లో చెప్పుకున్నదీ నిజం. ఊ ఏతీ ఇద్దరి తాతా. ఆ మాటకొస్తే వీధిలో పదిహేడు నంబర్ల వాళ్ళకీ తాత.

ఇంటికి వచ్చి వాసుదేవరావు గారికి ఫోన్ చేసింది. ఆయన అంతా విన్నారు.

"నోరు మూసుకుంటే మీ నాన్నకి స్థలం వస్తుంది," అన్నారు. "నోరు విప్పితే అఫిడవిట్ వెనక్కి తీసుకోవాలి. తీసుకుంటే మీ చీటీ ఒట్టి కాగితం కావచ్చు. పదిహేడూ పోవచ్చు."

"తెలిసి అబద్ధం ఉంచితే?"

"అది నన్నడిగి తేల్చుకునేది కాదమ్మా. ముందు నువ్వు ఎవరి తరఫు వకీలువో తేల్చుకో."

సూరి గుమ్మంలో కూర్చుని సుత్తి కర్రకి గుడ్డ చుడుతున్నాడు. మాటలన్నీ విన్నాడు.

"పదార్మంది కోసం మన ఇల్లు ఒగ్గేస్తావేటి?"

"ఒగ్గెయ్యను నాన్నా. కానీ ఆ కాయితం మీద మామ్మ వేలుముద్ర ఉన్నాది. అబద్ధానికి ఏయించింది నేను."

"తెలీకేయించినావు."

"నిన్న తెలీదు. ఇయాల తెలుసు."

సూరి లేచి మళ్ళీ నిచ్చెన ఎక్కాడు. అతని పద్ధతి అంత, మాట తోచకపోతే ఏదో ఒకటి ఎక్కుతాడు. దడికి అవతల బలరాం కూడా కప్పు మీద ఉన్నాడు. రెండు కప్పుల మీద ఇద్దరు మగాళ్ళు సాయంత్రం దాకా ఒకరి మొహం ఒకరు చూసుకోకుండా కూర్చున్నారు. జయ ఇంట్లో నాలుగు గోడల మధ్యా తిరిగింది. గిన్నెలో నీళ్ళు పారబోసింది, మళ్ళీ పెట్టింది. రాసిన కాగితమే మళ్ళీ చదివింది. ఏ వాక్యం దగ్గరా మనసు నిలవలేదు.

గురువారం విచారణ బడి హాల్లో. అధికారి కళ్ళజోడు మనిషి, కోపిష్టిలా లేడు, అలిసిపోయినట్టున్నాడు. నలభై ఒకటి పిలిచారు. జయ, నరసమ్మ, బలరాం ముందుకి వెళ్ళారు. వెనక వీధి వీధంతా బెంచీల మీద.

"చీటీ ఉంది, ప్రమాణపత్రం ఉంది," అన్నాడు అధికారి బర్మాలో. "పక్కవాళ్ళ దగ్గర ఏమీ లేదు. ఇంకేమైనా చెప్పాలా?"

బలరాం నోరు తెరిచే లోపల జయ అంది. "ప్రమాణపత్రం వెనక్కి తీసుకుంటున్నానండి. అందులో తప్పుంది. తప్పు నాది."

బలరాం ఆమెకేసి చూశాడు. తన ఎలక కథ ఎత్తిపొడిస్తే ఏం జవాబు చెప్పాలో రాత్రంతా సిద్ధం చేసుకున్నవాడు, ఒక్కసారి ఆధారం తప్పినట్టు నిలబడ్డాడు.

జయ చెప్పింది. ఊ ఏతీ అనే మనిషి లేడని, అది మా భాషలో ఏమిటి అనే ప్రశ్న అని, ఊ నేదు కూడా మనిషి కాదని, తండ్రి బతికి లేడని చెప్పిన మాట అని. పదిహేడు స్థలాలు కాజేసినవాడు ఎవడూ లేడని, పదిహేడు మంది వేరే వేరే కూలీలు ఒకే మాట అన్నారని.

అధికారి కళ్ళజోడు పైనుంచి చూశాడు. "పదిహేడు మందీ పేరడిగితే ఏమిటి అన్నారా? నేను నమ్మాలా?"

"ఇప్పుడు కూడా అంటారండి. పెద్దవాళ్ళని ఎవరినైనా పిలిచి అడగండి."

మొదటి బెంచీ మీద కూర్చున్న డెబ్భై ఏళ్ళ మూర్తిని వేలు చూపించి పిలిచాడు అధికారి. పేరు అడిగాడు. మూర్తి నిటారుగా నిలబడి, బళ్ళో పిల్లాడిలా చక్కటి బర్మాలో తన పేరు, తండ్రి పేరు, కార్డు నంబరుతో సహా చెప్పి కూర్చున్నాడు. విచారణ కోసం మనవరాలు మూడు రోజులుగా బట్టీ పట్టించింది. హాల్లో నవ్వులు.

"మూర్తి తాతా, ఈ ఒక్కరోజు తెలివి ఆపుకోనేకపోనావేటి," అన్నారెవరో వెనక నుంచి.

అధికారి కాగితం పక్కకి జరిపి తరవాతి నంబరు కోసం గుమాస్తాకేసి చూస్తున్నాడు. ఇక ఆ కాగితం మళ్ళీ ఇటు తిరగదు. జయ కలం తీసి, బల్ల మీదకి వంగి, ఆయన మొహంలోకి చూసి తెలుగులో అడిగింది.

"అయ్యా, మీ పేరేటండి?"

"బాలే?" అన్నాడు అధికారి.

బాలే అంటే బర్మాలో ఏమిటి.

జయ బర్మా అక్షరాల్లో పెద్దగా రాసి కాగితం ఆయన వైపు తిప్పింది. ఊ బాలే.

ముందు గుమాస్తా కుర్రాడు నవ్వాడు, వెంటనే దగ్గుగా మార్చుకున్నాడు. అధికారి ఆ కాగితాన్ని దగ్గరికి తీసుకుని చదివాడు. కళ్ళజోడు తీసి చొక్కా అంచుతో తుడుచుకున్నాడు. రిజిస్టరు తెప్పించుకుని ఎర్ర గీతలన్నీ ఒక్కొక్కటీ చూసుకుంటూ పోయాడు, పెదాలు కదుపుతూ. ఏతీ. ఏతీ. నేదు. ఏతీ.

"సరే," అన్నాడు. "ఊ ఏతీ లేడు. అయితే 1959లో నలభై ఒకటి ఎవరికిచ్చారు?"

"మా తాతకి, బలరాం గారి తాతకి, ఇద్దరికీ కలిపి."

"నువ్వు చూశావా?"

"మా నాయనమ్మ చూసింది."

"అయితే ఆవిడ చెప్పాలి. నువ్వు ఇప్పుడే ఒక ప్రమాణం వెనక్కి తీసుకున్నావు. నీ మాట రాసుకోను." నరసమ్మ వైపు తిరిగి గొంతు పెంచాడు. "అవ్వా, నీ భర్త పేరు చెప్పు."

ఈసారి ఆవిడకి వినబడింది. మొహం చూస్తే తెలుస్తోంది. ఆవిడ జయ చెయ్యి వెతికి పట్టుకుంది.

"నువ్వు సెప్పే."

"నా మాట చెల్లదంట మామ్మా."

"సూరి సెప్పొచ్చు గదా."

"నాన్న అప్పటికి పుట్టలేదు."

నరసమ్మ చుట్టూ చూసింది. బెంచీల మీద తనకి తెలిసిన మొహాలే అన్నీ. ఈ పేరు తన నోట వినని మొహాలు. సర్కారు ఆయన పేరు అడిగి రాసుకోలేకపోయింది, తను తెలిసీ పలకలేదు. అరవై అయిదేళ్ళు ఆ పేరు చీటీ మీదా లేదు, తన నోటా లేదు. ఆవిడ కొంగు తల మీదకి లాక్కుంది. ఒట్టి పేరు అనడానికి మనసొప్పక, ముందు బర్మా గౌరవం తగిలించుకుంది.

"ఊ బుల్లియ్య," అంది.

మెల్లగా అన్నా హాలంతా వినబడింది.

గుమాస్తా కలం పట్టుకుని ఆగాడు. "ఇంకోసారి చెప్పవ్వా, అక్షరాలు సరిగా రాయాలి."

"ఊ బుల్లియ్య," అంది మళ్ళీ. ఆ తర్వాత బలరాంని చూపించి, చాలా తేలిగ్గా, "ఈడి తాత చిన్నబ్బాయి. ఆడి పేరనడానికి నాకేటి అడ్డు," అంది.

అధికారి చెప్పి రాయించాడు. పదిహేడు నమోదులూ ఇప్పుడే కొట్టివేయడం లేదు. ఎవరి తాత ఎవరో విడివిడిగా పదిహేను రోజుల్లో విచారిస్తారు, అందాకా ఆ నంబర్ల ఇళ్ళు ముట్టుకోరు. నలభై ఒకటికి చీటీ ఒకటే గనక రుజువైనా స్థలం ఒకటే వస్తుంది, రెండు కుటుంబాలు పంచుకోవాలి. రుజువు కాకపోతే ఇద్దరూ చూజోలే. రిజిస్టరులో ఏ పేరూ దొరకని పది ఇళ్ళవాళ్ళు శనివారం వెళ్ళిపోవాలి. ఆ పది మందిలో ఒకామె గోడకి ఆనుకుని కూర్చుండిపోయింది. జయ ఆమె దగ్గరికి వెళ్ళి నిలబడింది. "రేపు మీ కాయితాలన్నీ పట్టుకుని రా అక్కా, చూద్దాం," అంది. చూస్తే ఏం కనబడుతుందో తనకీ తెలియదు.

ఇంటి దారిలో బలరాం రిక్షా వెనక నడిచాడు. రైల్వే గేటు దాటాక జయ పక్కకి వచ్చాడు.

"వకీలమ్మా, ఊరుకుంటే మొత్తం మీకే వొచ్చేసేది గదా."

"వచ్చేది."

"మరెందుకు సెప్పినావు?"

"మీ ఎలకకి లా తెలీదు గదా మావా. నాకు తెలుసు."

బలరాం ఇంకో పది అడుగులు నడిచాడు. "ఐతే ఆ స్థలం నిలువుగా కొయ్యాల. అడ్డంగా కోస్తే రోడ్డు ముక్క మీకే పోతాది, నా పంక్చర్ల కొట్టు ఎవులు సూస్తారు?"

"నిలువుగా కోస్తే పదేసి అడుగుల సందు. మంచం అడ్డంగా ఏస్తే నడవడానికి దారుండదు," అన్నాడు సూరి తొక్కుతూనే.

"మంచం నిలువుగా ఏసుకో."

"కుళాయి ఎటుంటాది?"

"కుళాయి ఇంకా నేదు గదా."

"ఉంటే ఎటుంటాది?"

అలా ఇల్లు చేరేదాకా సాగింది. ఇంకా రాని స్థలం, వస్తుందో రాదో తెలియని స్థలం, దారి పొడుగునా రెండుసార్లు నిలువుగానూ మూడుసార్లు అడ్డంగానూ కోశారు. ఇంటికి చేరగానే సూరి నిచ్చెన వేసుకుని, జేబులోంచి మూడు మేకులు తీసి, ఎక్కడివి అక్కడ కొట్టడం మొదలుపెట్టాడు. పదిహేను రోజులకైనా కప్పు కారకూడదు కదా.

జయ గుమ్మంలో కూర్చుని కొత్త కాగితం మీద రాసుకుంటోంది, పదిహేడు నంబర్లు, ఎవరిని ఏం అడగాలో. పక్కన నరసమ్మ పాలడబ్బా ఒళ్ళో పెట్టుకుని ఉంది.

"ఒలే జయా. పదేను రోజులయినాక మల్లా అడుగుతారేటి, ఆ పేరు?"

"అడుగుతారు మామ్మా. పై ఆఫీసులో కూడా చెప్పాలి."

నరసమ్మ తల ఊపింది. పైన సుత్తి మోగుతోంది, దడి అవతల బలరాం తాడుతో ఏదో కొలుస్తున్నాడు. ఆ చప్పుడులో ఎవరికీ వినబడదనుకుందేమో, డబ్బా మూత మీద వేలు పెట్టి, పెదాలు కదిపి, ఆ పేరు ఒకసారి అనుకుంది. తర్వాత కొంచెం పైకి, ఇంకోసారి.